ఉత్తర్వు ఉండగా కూలిన గుడిసెలు
(కోర్టు మెట్ల మీద గుంటూరు – 17వ భాగం)

బ్రాడీపేటలో అడ్రసు చెప్పాలంటే రెండు అంకెలు చాలు. ముందు లైను, తరవాత అడ్డరోడ్డు. నాలుగు బై పద్నాలుగు అంటే నాలుగో లైను, పద్నాలుగో అడ్డరోడ్డు. పల్నాడు పల్లె నుంచి మొదటిసారి వచ్చిన రైతయినా ఆ రెండంకెలు రాసిన చీటీ పట్టుకుని ప్లీడరు గారి ఇల్లు కనుక్కోగలడు. సాయంత్రం ఆరు దాటాక ఆ ఇళ్ళ ముందుగదుల్లో లైట్లు వెలుగుతాయి. గోడ పొడుగునా ఏఐఆర్ తీర్పుల సంపుటాలు, వాటి కింద తెల్ల నాడాతో బిగించి కట్టిన కేసు కట్టలు, గుమ్మం పక్కన పార్టీలు కూర్చునే చెక్క బెంచీ. లాయరు గారు ఇంకా లోపలే ఉంటారు. అప్పటిదాకా పార్టీలతో మాట్లాడేది గుమస్తానే.

అలాంటి ఒక ముందుగదిలో ఏళ్ళ కిందట నేను విన్న మాట ఇది. ఒక పెద్దాయన బెంచీ అంచున కూర్చుని ప్లాస్టిక్ సంచిలోంచి మడతలు పడ్డ కాగితం తీశాడు. అది కోర్టు ఇచ్చిన ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ. గుమస్తా దాన్ని దీపం దగ్గర పెట్టి చూసి, "ఆర్డరు వచ్చింది గదా బాబాయ్, ఇంకా దిగులేంది?" అన్నాడు. పెద్దాయన నెమ్మదిగా జవాబిచ్చాడు: "ఆర్డరు మన దగ్గరుందయ్యా. పొలం వాళ్ళ దగ్గరుంది."

కిందటి వారం మనం 1954 జూలై 5న గుంటూరులో ఆంధ్ర హైకోర్టు మొదలవడం, కోకా సుబ్బారావు గారు తొలి ప్రధాన న్యాయమూర్తి కావడం, 1956 నవంబరులో ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక ఆ కోర్టు హైదరాబాదు వెళ్ళిపోవడం చెప్పుకున్నాం. హైకోర్టు తెలుగునేలకు రావడమంటే మన ఊరి మనిషికి ఉత్తర్వు దగ్గరవడమని ఆనాటి వాళ్ళు సంతోషించారు. కానీ ఉత్తర్వు దగ్గరవడం ఒకటి, దాన్ని ఎదుటివాడు పాటించడం ఇంకొకటి. పాటించకపోతే కోర్టు ఏం చేయగలదు? అలా పాటించకపోవడాన్నే కోర్టు ధిక్కారం అంటాం. బ్రాడీపేట భాషలో అయితే "కంటెంప్ట్ వేయడం".

ధిక్కారం అనగానే చాలామందికి గుర్తొచ్చేది పత్రికలూ ప్రసంగాలూ. 1883లో కలకత్తా హైకోర్టు న్యాయమూర్తి నోరిస్‌ను విమర్శించినందుకు సురేంద్రనాథ్ బెనర్జీకి రెండు నెలల జైలు పడింది. 1920లో గాంధీ గారి 'యంగ్ ఇండియా' మీద బొంబాయి హైకోర్టులో ధిక్కార విచారణ నడిచింది. అహ్మదాబాదు జిల్లా జడ్జి రాసిన ఉత్తరాన్ని అచ్చువేసినందుకు క్షమాపణ చెప్పమంటే ఆయన చెప్పలేదు. కోర్టు మందలించి వదిలేసింది. ఈ రకం అధికారానికి మూలం ఇంగ్లండులో ఉంది. 1765లో ఆల్మన్ అనే ప్రచురణకర్త మీద నడిచిన కేసులో జస్టిస్ విల్మట్ ఒక తీర్పు రాసుకున్నాడు. కేసు మధ్యలో ఆగిపోవడంతో ఆ తీర్పును కోర్టులో చదవనే లేదు. ఆయన పోయాక, 1802లో అచ్చయింది. చదవని ఆ తీర్పే తరవాతి వందేళ్ళు దేశదేశాల కోర్టులకు ఆధారమైంది.

ఆ కథ పెద్దదే గానీ మనకు కావలసింది అది కాదు. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం రెండో సెక్షన్ ధిక్కారాన్ని రెండుగా విడదీసింది. కోర్టును కించపరిచే మాటలు, విచారణకు అడ్డుపడే పనులు క్రిమినల్ ధిక్కారం. కోర్టు ఇచ్చిన తీర్పును గానీ, ఆదేశాన్ని గానీ, రిట్‌ను గానీ కావాలని పాటించకపోవడం, కోర్టుకు ఇచ్చిన హామీని కావాలని తప్పడం సివిల్ ధిక్కారం. మొదటిది జడ్జి గౌరవానికి సంబంధించింది. రెండోది బెంచీ మీద కూర్చున్న ఆ పెద్దాయన పొలానికి సంబంధించింది. వార్తల్లో మొదటిదానికి ఉన్నంత చోటు రెండోదానికి లేదు. నా లెక్కలో మాత్రం రెండోదే ముఖ్యం. దేశంలోని హైకోర్టుల్లో ఇప్పుడు పెండింగులో ఉన్న ధిక్కార కేసులు లక్షకు పైమాటే. వాటిలో చాలా మటుకు ఎవరో ఎవరినో తిట్టారని వచ్చినవి కావు, ఉత్తర్వు అమలు కాలేదని వచ్చినవి.

అసలు కథలోకి వెళ్ళే ముందు ఒక పాత సంగతి చెప్పాలి. 1964 జనవరిలో సుప్రీంకోర్టు కర్నూలు జిల్లా బస్సు రూట్ల జాతీయీకరణ కేసులో తీర్పు ఇచ్చింది. ముఖ్యమంత్రి నీలం సంజీవరెడ్డి రాజకీయ కక్షతో ఆ రూట్లు ఎంచారని బస్సు యజమానుల ఆరోపణ. దాన్ని కాదంటూ ముఖ్యమంత్రి స్వయంగా ప్రమాణపత్రం వేయలేదు గనక ఆరోపణకు జవాబు లేనట్టేనని కోర్టు భావించింది. ఆయన మీద ధిక్కారం కేసు లేదు, శిక్ష లేదు, దిగిపొమ్మని ఎవరూ ఆదేశించలేదు. అయినా ఫిబ్రవరిలో ఆయన ముఖ్యమంత్రి పదవి వదిలేశారు. ఆ కుర్చీలోకి వచ్చింది మన నరసరావుపేట ప్రాంతపు మనిషి, చిరుమామిళ్ళలో పుట్టిన కాసు బ్రహ్మానందరెడ్డి. తీర్పులో తన మీద పడిన ఒక్క వ్యాఖ్యకు ముఖ్యమంత్రి పదవి వదులుకున్న రోజు ఈ రాష్ట్రంలో ఉంది. ఇప్పుడు చెప్పబోయే కథ చదువుతూ ఆ రోజును గుర్తుపెట్టుకోమని పాఠకులను అడుగుతున్నాను.

అడవితక్కెళ్ళపాడు గుంటూరు శివారు ఊరు. పెదకాకాని దగ్గర డెంటల్ కాలేజీ ఉన్న తక్కెళ్ళపాడు వేరు, ఇది వేరు. టిడ్కో ఇళ్ళ పుణ్యమా అని ఈ మధ్య పత్రికల్లో ఈ పేరు తరచు కనిపిస్తోంది. నగరం పెరిగే కొద్దీ శివారు ఊళ్ళలోని ప్రభుత్వ భూమి మీద ఇద్దరి చూపు పడుతుంది. నిలువ నీడలేని వాళ్ళు అక్కడ గుడిసె వేసుకుంటారు. ప్రభుత్వానికి అదే భూమి ఇంకో పనికి కావలసి వస్తుంది.

ఈ ఇద్దరి మధ్యా నిలబడేవాడు తహసీల్దారు. ఆయన కుర్చీ సంగతి కొంచెం చెప్పుకోవాలి. ఎందుకంటే ఆ కుర్చీలో రెండు పనులు ఒకే చేతిలో ఉన్నాయి. ఇళ్ళ స్థలం పట్టా కావాలని పేదవాడు అర్జీ పెట్టుకునేది ఆయనకే. 1905 నాటి భూ ఆక్రమణ చట్టం కింద ఏడో సెక్షన్ నోటీసు ఇచ్చి, ఆరో సెక్షన్ కింద ఖాళీ చేయించేదీ ఆయనే. పాత రోజుల్లో అనుమతి లేని ఆక్రమణను గ్రామ లెక్కల్లో శివాయి జమా అని రాసి, బి-మెమో అనే నోటీసు కింద పన్ను కట్టించుకునేవారు. ఆ రసీదులను పేదవాళ్ళు ట్రంకుపెట్టె అడుగున దాచుకునేవారు, ఏనాటికైనా పట్టాకు ఆధారంగా పనికొస్తుందని. ఇచ్చే చెయ్యీ తీసేసే చెయ్యీ ఒకటే అయినప్పుడు మధ్యలో కోర్టు తప్ప ఇంకో దిక్కుండదు.

అడవితక్కెళ్ళపాడు గుడిసెల వాళ్ళు ఆ దిక్కే వెతుక్కున్నారు. అది 2013. హైకోర్టు అప్పటికి హైదరాబాదులో ఉంది. రిట్ వేయాలంటే గుంటూరులో గోల్కొండ ఎక్స్‌ప్రెస్సో పల్నాడు ఎక్స్‌ప్రెస్సో ఎక్కి వెళ్ళాలి. రోజుకూలి పోగొట్టుకుని, చార్జీలు పెట్టుకుని, వకాల్తా మీద వేలిముద్రో సంతకమో పెట్టి రావాలి. వాళ్ళు ఆ పని చేశారు. 2013 డిసెంబరు 11న హైకోర్టు వాళ్ళకు రక్షణగా స్పష్టమైన ఆదేశం ఇచ్చింది.

తరవాతి నెల, 2014 జనవరిలో, ఆ ఆదేశం ఉండగానే తహసీల్దారు ఆ గుడిసెలను బలవంతంగా తీయించేశారు. సంక్రాంతి నెల అది. మన వైపు మిరప కోతలు అందుకునే రోజులు. కూలికి పోతే నాలుగు డబ్బులు కళ్ళజూసే కాలం. ఆ రోజుల్లో పైకప్పు పోయిన కుటుంబం కూలికి వెళుతుందా, సామాను దగ్గర కాపలా కూర్చుంటుందా? గుడిసె కూల్చడమంటే తాటాకులూ వాసాలూ మాత్రమే తీసేయడం కాదు. రేషను కార్డు మీద ఉన్న ఇంటి నంబరు, పిల్లల బడి, పొయ్యి, పొద్దున కూలికి పిలవడానికి మేస్త్రి వచ్చి నిలబడే గుమ్మం, అన్నీ ఒక్క పూటలో పోతాయి. చేతిలో మిగిలింది హైకోర్టు కాగితం.

ఆ కాగితం పట్టుకునే వాళ్ళు మళ్ళీ హైకోర్టుకు వెళ్ళారు. ఈసారి ధిక్కారం పిటిషన్. ధిక్కారంలో రుజువు చేయాల్సింది ప్రధానంగా మూడు: ఉత్తర్వు ఉందని, అది ఎదుటివారికి తెలుసని, తెలిసీ కావాలని మీరారని. మూడోదే కష్టం. అధికారి దగ్గర ఎప్పుడూ ఒక వివరణ సిద్ధంగా ఉంటుంది: కాపీ నాకు అందలేదు, జీపీ (ప్రభుత్వ ప్లీడరు) గారు చెప్పలేదు, పైవాళ్ళ ఆదేశం, నేను ఆ రోజు సెలవులో ఉన్నాను. అందుకే బ్రాడీపేట గుమస్తాలు ఉత్తర్వు రాగానే ముందు చూసుకునేది 'సర్వీసు' అయిందా లేదా అని. రిజిస్టర్డ్ పోస్టులో పంపిన రసీదు, తిరిగొచ్చిన అక్‌నాలెడ్జిమెంటు కార్డు, ఆఫీసు ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకున్న నకలు. ఈ మూడింటినీ కట్టలో పైనే పెడతారు. అనుభవం నేర్పిన జాగ్రత్త అది.

ఈ కేసులో ఏకసభ్య న్యాయమూర్తి 2015 మార్చిలో తీర్పు చెప్పారు. తహసీల్దారు కావాలనే ఉత్తర్వును మీరారని తేల్చి రెండు నెలల సాధారణ జైలు, రెండు వేల రూపాయల జరిమానా వేశారు. ఆ రెండు వేలకు కారణం ఉంది. ధిక్కార చట్టం పన్నెండో సెక్షన్ ప్రకారం గరిష్ఠ శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, రెండు వేల జరిమానా. 1971లో రెండు వేలంటే పెద్ద మొత్తం. గుమస్తా జీతానికి కొన్ని నెలల లెక్క. ఈనాటికీ చట్టంలో ఆ అంకె మారలేదు.

తీర్పు మీద అప్పీలు పడింది. అక్కణ్ణుంచి ఏళ్ళు గడిచాయి. తీర్పు నాటికే రాష్ట్రం విడిపోయింది. ఈ మధ్యలో ఉమ్మడి హైకోర్టు కూడా విడిపోయింది. 2019 జనవరి 1న ఆంధ్రప్రదేశ్‌కు వేరే హైకోర్టు వచ్చి, విజయవాడ తాత్కాలిక భవనంలోంచి నేలపాడుకు మారింది. గుంటూరు జిల్లాకు అరవై ఏళ్ళ తరవాత హైకోర్టు తిరిగొచ్చింది. అడవితక్కెళ్ళపాడు వాళ్ళకు కోర్టు ఇప్పుడు ఒక్క ఆటో, ఒక్క బస్సు దూరం. అప్పీలు మాత్రం ఇంకా నడుస్తూనే ఉంది. 2023లో ఆ తహసీల్దారు డిప్యూటీ కలెక్టరుగా పదోన్నతి పొందారు. ధిక్కారం రుజువై జైలు శిక్ష పడిన అధికారికి, ఆ అప్పీలు తేలకముందే పదోన్నతి వచ్చింది. ఈ ఒక్క వాక్యాన్ని రెండుసార్లు చదవమంటాను. ఉత్తర్వును పాటించనివాడి జీవితం ముందుకు పోతుంది, ఉత్తర్వు తెచ్చుకున్నవాడి జీవితం కూల్చిన చోటే ఆగిపోతుంది. మన వ్యవస్థలో నన్ను అన్నిటికన్నా బాధపెట్టేది ఇదే.

చివరికి డివిజన్ బెంచి అప్పీలు కొట్టేసింది. డిప్యూటీ కలెక్టరు తాతా మోహనరావు సుప్రీంకోర్టుకు వెళ్ళారు. 2025 ఏప్రిల్‌లో ఆ కేసు జస్టిస్ బి.ఆర్. గవాయ్, జస్టిస్ ఆగస్టిన్ జార్జ్ మసీహ్ ముందుకు వచ్చింది. జైలుకు పంపితే ఉద్యోగం పోతుంది, పిల్లల చదువులు దెబ్బతింటాయి అని అధికారి తరపు వాదన. మరి కూల్చిన గుడిసెల్లో ఉన్న పిల్లల మాటేమిటని ధర్మాసనం అడిగింది. హైకోర్టు కంటే తాను పై అనుకున్నారా అని కూడా నిలదీసింది.

ఉద్యోగం పోతుందన్న మాటకు ఆధారం ఉంది. ప్రభుత్వోద్యోగి 48 గంటలు దాటి కస్టడీలో ఉంటే సర్వీసు నిబంధనల కింద సస్పెండ్ అయినట్టే లెక్క. రెండు నెలల జైలు అంటే ఆ గీత ఎప్పుడో దాటిపోతుంది. కోర్టు అందుకే ఒక మధ్యేమార్గం చూపించింది: కింది పోస్టుకు దిగడానికి ఒప్పుకుంటారా? ఆయన ఒప్పుకోలేదు. ఒక వ్యాఖ్యకు కుర్చీ దిగిన 1964 నాటి ముఖ్యమంత్రిని గుర్తుంచుకోమన్నది ఇందుకే. ఇక్కడ నేరం రుజువై, హైకోర్టు రెండు దశల్లోనూ ఖాయం చేసి, దేశపు అత్యున్నత న్యాయస్థానం జైలు తప్పించే దారి చూపితే, ఒక మెట్టు దిగడానికి మనసు రాలేదు.

2025 మే 9న తీర్పు వచ్చింది. జైలు శిక్ష తీసేశారు. ఆయన్ను డిప్యూటీ కలెక్టరు నుంచి తిరిగి తహసీల్దారు హోదాకు దించమని రాష్ట్ర ప్రభుత్వాన్ని ఆదేశించారు. లక్ష రూపాయల జరిమానా నాలుగు వారాల్లో కట్టమన్నారు. చట్టపు మహిమ శిక్షించడంలో కంటే క్షమించడంలో ఉందని చెబుతూనే, ఎంత పై అధికారి అయినా కోర్టు ఉత్తర్వుకు కట్టుబడాల్సిందేనని, ఈ సందేశం దేశమంతా వినాలని రాశారు. ఆ తీర్పు ఇచ్చిన అయిదు రోజులకు, మే 14న, జస్టిస్ గవాయ్ భారత ప్రధాన న్యాయమూర్తిగా ప్రమాణం చేశారు.

ఈ తీర్పు మీద న్యాయవాదుల్లో ఒక వాదన ఉంటుంది. దాన్ని దాటేసి పోవడం మంచిది కాదు. ధిక్కార చట్టంలో జైలు, జరిమానా తప్ప హోదా తగ్గించడం లేదు. జరిమానా హద్దు రెండు వేలు, ఇక్కడ పడింది లక్ష. దీనికి వెనక ఒక చరిత్ర ఉంది. 1995లో సుప్రీంకోర్టు వి.సి. మిశ్రా అనే సీనియర్ న్యాయవాదిని ధిక్కారం కింద మూడేళ్ళు ప్రాక్టీసు చేయొద్దంది. 1998లో రాజ్యాంగ ధర్మాసనం, ధిక్కారం పేరుతో లైసెన్సు సస్పెండ్ చేసే అధికారం తనకు లేదనీ అది బార్ కౌన్సిల్ పనేననీ చెప్పి ఆ పద్ధతిని సరిదిద్దింది. మరి ఉద్యోగి హోదా సంగతి? అడగదగ్గ ప్రశ్నే. నా మటుకు నాకు ఈ శిక్ష న్యాయంగానే తోచింది. అధికారాన్ని వాడి చేసిన తప్పుకు అధికారంలోంచే ఒక మెట్టు కోయడంలో పొందిక ఉంది. కానీ అది ఒక కేసులో ఒక ధర్మాసనం దయమీద ఆధారపడకూడదు. చట్టంలోనే ఆ మాట ఉండాలి. రెండు వేల రూపాయల హద్దునూ పార్లమెంటు ఈపాటికి సవరించి ఉండాల్సింది.

ఇంకో లోటు అంతకంటే పెద్దది. శిక్ష పడితే అధికారికి పడుతుంది. కూలిన గుడిసె మాటేమిటి? ధిక్కారం చేసినవాడు ఆ తప్పు వల్ల వచ్చిన ఫలం అనుభవించకూడదని, వీలైనంత వరకు పరిస్థితిని వెనక్కి తెచ్చే బాధ్యత కోర్టుకు ఉందని 1996లో ఢిల్లీ డెవలప్‌మెంట్ అథారిటీ, స్కిపర్ కన్‌స్ట్రక్షన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2024 నవంబరు 13న బుల్‌డోజర్ కూల్చివేతల కేసులో ఇదే జస్టిస్ గవాయ్, జస్టిస్ కె.వి. విశ్వనాథన్ ఇంకా ముందుకు వెళ్ళారు. కూల్చే ముందు పదిహేను రోజుల నోటీసు ఇవ్వాలి. ఆదేశాలు మీరి కూల్చితే ధిక్కారం చర్యతో పాటు, కూల్చిన దాన్ని తిరిగి కట్టించే ఖర్చు అధికారి సొంత జేబులోంచి వసూలు చేయాలన్నారు. రోడ్లు, కాలిబాటలు, రైలు పట్టాల పక్క స్థలాల వంటి చోట్ల ఆక్రమణలకు ఈ రక్షణ వర్తించదు. అయినా ఈ తీర్పు మన జిల్లాలో ప్రతి తహసీల్దారు బల్ల మీద, ప్రతి మునిసిపల్ ఇంజనీరు బల్ల మీద ఉండాలి. తెలుగులోకి మార్చి గ్రామ సచివాలయాల గోడకు అంటించినా తప్పులేదు.

సచివాలయాలంటే మన హైకోర్టులోనే జరిగిన ఇంకో సంగతి గుర్తొస్తుంది. ప్రభుత్వ బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు, రైతు భరోసా కేంద్రాలు కట్టవద్దని హైకోర్టు 2020 జూన్‌లో ఆదేశించింది. అమలు ఆలస్యమైంది. 2022 మార్చి 31న జస్టిస్ బట్టు దేవానంద్ ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు శిక్ష వేశారు. వాళ్ళు క్షమాపణ చెప్పాక శిక్షను మార్చారు: ఏడాది పాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టలుకు వెళ్ళి పిల్లలతో గడపాలి, ఆ పూట భోజనం ఖర్చు భరించాలి. దాని మీద అప్పీళ్ళు నడిచాయి, ఆ వివరాలు వేరే సంగతి. బడి పిల్లల ఆటస్థలం గురించి మొదలైన కేసు హాస్టలు పిల్లల అన్నం దగ్గరికి వచ్చింది. ఆ తీర్పు రాసిన మనసులో పిల్లలే ఉన్నారని అర్థమవుతుంది.

అయితే కోర్టు మాటకు విలువ అధికారులొక్కరే కాపాడితే సరిపోదు. మన జిల్లాలోనే తాడేపల్లి దగ్గర ఇప్పటంలో 2022లో రోడ్డు విస్తరణ కూల్చివేతలు జరిగాయి. నోటీసులు ఇవ్వలేదని చెప్పి గ్రామస్థులు కొందరు స్టే తెచ్చుకున్నారు. నోటీసులు ముందే అందాయని తరవాత తేలింది. 2022 నవంబరు 24న హైకోర్టు 14 మంది పిటిషనర్లకు తలా లక్ష రూపాయల చొప్పున ఖర్చులు వేసింది. సుప్రీంకోర్టు జోక్యం చేసుకోలేదు. కోర్టును తప్పుదోవ పట్టించి తెచ్చుకున్న ఉత్తర్వు, నిజం చెప్పి తెచ్చుకున్నవాడి ఉత్తర్వును కూడా బలహీనం చేస్తుంది. అడవితక్కెళ్ళపాడు వాళ్ళ చేతిలోని కాగితం బరువు తగ్గేది ఇలాంటప్పుడే.

మొదట చెప్పిన పెద్దాయన దగ్గరికి వస్తాను. ఆయన ఉత్తర్వు హైకోర్టుది కాదు, కింది కోర్టు ఇచ్చిన ఇంజంక్షన్. ఇలాంటి ఉత్తర్వు మీరితే నేరుగా హైకోర్టుకు పరిగెత్తక్కర్లేదని చాలామందికి తెలియదు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 39, రూల్ 2ఏ ఉంది. మధ్యంతర ఇంజంక్షన్ మీరినవాడి ఆస్తిని ఆ కోర్టే జప్తు చేయవచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైలుకు పంపవచ్చు. తుది డిక్రీ అయితే ఆర్డర్ 21, రూల్ 32 కింద ఎగ్జిక్యూషన్ వేసుకోవాలి. ఆ రోజు గుమస్తా పెద్దాయనకు చెప్పింది ఇదే. "రేపు పొద్దున్నే రా బాబాయ్, పిటిషన్ వేద్దాం. పొలం గట్టు మీద వాళ్ళు దున్నుతున్న ఫొటో ఉంటే తీసుకురా. ఎవరైనా చూసినవాళ్ళుంటే పేరు రాసుకురా." పెద్దాయన కాగితాన్ని మళ్ళీ అదే మడతల్లో మడిచి సంచిలో పెట్టుకున్నాడు. రాత్రి బస్సు దొరుకుతుందో లేదో అని గడియారం వైపు చూశాడు.

హైకోర్టు ఉత్తర్వు ఉన్నవాళ్ళు గుర్తుపెట్టుకోవాల్సింది గడువు. ధిక్కార చట్టం ఇరవయ్యో సెక్షన్ ప్రకారం ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాది లోపే పిటిషన్ పడాలి. 2001లో పల్లవ్ షేఠ్ కేసులో, ఏడాది లోపు పిటిషన్ వేస్తే చాలు, విచారణ తరవాత జరిగినా ఫరవాలేదని సుప్రీంకోర్టు తేల్చింది. 2024లో తెలంగాణ నుంచి వెళ్ళిన ఒక భూమి కేసులో ఈ గడువును సుప్రీంకోర్టు గట్టిగా పట్టించుకుంది. రోజూ తప్పు జరుగుతూనే ఉంది గదా, ఎప్పుడైనా వేయొచ్చు అనుకుని ఆలస్యం చేస్తే చేతులారా హక్కు పోగొట్టుకున్నట్టే. పెద్దమనుషుల చుట్టూ, ఆఫీసుల చుట్టూ తిరుగుతూ ఏడాది గడిపేసి, పదమూడో నెలలో బ్రాడీపేట వచ్చేవాళ్ళను ఎందరినో చూశాను.

మీ చేతిలో ఉత్తర్వు ఉంటే నకలు తీసి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి, ఆఫీసులో ఇచ్చి ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి, తేదీ రాసిపెట్టుకోండి. ఎవరైనా దాన్ని మీరితే ఆ రోజు తేదీ కూడా పక్కనే రాసుకోండి. అక్కణ్ణుంచి మీకున్నది ఒక్క సంవత్సరం.

(వచ్చే వారం: 1954లో మద్రాసు నుంచి గుంటూరు తరలివచ్చిన హైకోర్టు రికార్డుల కథ)